బండి మనది, దాని రోగం చీటీ మాత్రం కంపెనీదా?



ఈ నెల కందుల ధర గురించి రాద్దామనుకున్నాం. దాన్ని వచ్చే సంచికకు జరిపి ఇంజను దీపం గురించి రాస్తున్నాం. రైతు సంఘం పత్రికలో మెకానిక్ ముచ్చట ఎందుకని కొందరు అడగొచ్చు. పండించిన పంటను గంజ్‌కు చేర్చే బండి నడి దారిలో గుంజడం మానేస్తే, అక్కడ ధర ఎంత ఉన్నా మన చేతికి రాదు. పైగా ఆ బండి ఎందుకు గుంజడం లేదో చెప్పే సమాచారం మన బండిలోనే ఉంటుంది. దాన్ని మన ముందే బయటికి తీస్తారు, మనకు చూపించరు, తీసినందుకు మన దగ్గరే పైసలు వసూలు చేస్తారు. అడ్తి దుకాణంలో తూకం కాటాను రైతుకు కనిపించకుండా తిప్పిపెట్టిన రోజులు మన పెద్దలకు గుర్తున్నాయి. ఇదీ ఆ కోవకు చెందిందే.

జరిగింది చెప్తాం. తాండూరు వైపు మా సభ్యులు నలుగురు కలిసి ఒక పికప్ బండి కొనుక్కున్నారు. సెకండ్ హ్యాండ్‌దే గానీ బీఎస్ 6 బండి. 2022 డిసెంబర్‌లో తాండూరు కందికి భౌగోళిక గుర్తింపు వచ్చాక, ఊళ్లోనే కందులు తెగనమ్ముకునే బదులు మిల్లులో పప్పు పట్టించి నేరుగా హైదరాబాద్‌లో అమ్ముకుందామని వాళ్ల ఆలోచన. ఉస్మాన్‌గంజ్‌లో ఒక హోల్‌సేల్ దుకాణదారుతో ఫోన్‌లో ధర మాట్లాడుకున్నారు. పొద్దున బేరాలు మొదలయ్యేలోపు సరుకు దుకాణం ముందు దిగాలని ఒప్పందం. నడి రాత్రి బయలుదేరారు. అనంతగిరి గుట్ట ఎక్కుతుండగా పసుపు రంగు ఇంజను దీపం వెలిగింది. ఆ వెంటనే బండి బలం పోయింది. ఎక్స్‌లేటర్ ఎంత తొక్కినా వేగం పెరగదు. రెండో గేరులో ఎడ్లబండిలా వికారాబాద్ దాటి, చేవెళ్ల దాటి, వాళ్లు ఉస్మాన్‌గంజ్ చేరేసరికి మిట్ట మధ్యాహ్నం. దుకాణదారు ఇంకొకరి సరుకు దింపుకున్నాడు. ఆయన్ని తప్పు పట్టలేం, ఆయన గిరాకీ ఆయన చూసుకున్నాడు. మనవాళ్లు నాలుగు దుకాణాలు తిరిగి, మాట్లాడుకున్న ధరకు తక్కువకే ఇచ్చి, హమాలీ ఖర్చు పెట్టుకొని, తక్‌పట్టీ జేబులో వేసుకున్నారు.

అసలు కథ ఆ తర్వాత మొదలైంది. బండిని నగరంలోనే ఒక సర్వీస్ సెంటర్‌కు తీసుకెళ్లారు. అక్కడొక కుర్రాడు ల్యాప్‌టాప్ తెచ్చి, స్టీరింగ్ కింద తీగ పెట్టి, పది నిమిషాలు చూశాడు. ఏం కనబడిందని అడిగితే, "మీకు అర్థం కాదు పెద్దాయనా" అన్నాడు. బిల్లు మీద 'స్కానింగ్ చార్జి' అని ఉంది తప్ప ఏం స్కాన్ చేశారో, ఏం తేలిందో ఒక్క ముక్క లేదు. ఇంజను కంప్యూటర్ పోయిందట, మార్చాలట. అంచనా చీటీలో వేసిన అంకె చూసి మనవాళ్లకు నోట మాట రాలేదు. ఆ ట్రిప్పులో అమ్మిన పప్పు పైసలు మొత్తం పోసినా అందులో సగం కూడా కావు.

గంజ్‌లో పరిచయమున్న ఒక హమాలీ తనకు తెలిసిన మెకానిక్ దగ్గరికి పంపాడు. ఆయన దగ్గర అగ్గిపెట్టె కన్నా కొంచెం పెద్దగా ఉండే ఒక రీడరు, ఒక పాత సెల్‌ఫోన్ ఉన్నాయి. రీడరు పెట్టాడు, ఫోన్ తెర మనవాళ్ల వైపు తిప్పి చూపించాడు. పి 0087. "డీజిల్ రైలులో ప్రెజర్ తక్కువ" అని చెప్పి, ముందు డీజిల్ ఫిల్టర్ విప్పాడు. అందులో నీళ్లు, నల్లటి మడ్డి. ఫిల్టర్ మార్చి, లైనులో గాలి తీసి, కోడు తుడిచి బండి నడిపితే గుర్రంలా లేచింది. కంప్యూటర్‌కు ఏ రోగమూ లేదు.

ఇక్కడ మా కోపం ఆ కుర్రాడి మీద కాదు. అతను జీతగాడు. కోడును కస్టమర్‌కు చెప్పనవసరం లేదని నేర్పిన పద్ధతి మీద మా కోపం. పి 0087 అన్న మాట మొదటే చెప్పి ఉంటే, మోటారు బాగు చేసుకునే ఏ రైతైనా "ముందు ఫిల్టర్ చూద్దాం" అని ఉండేవాడు.

మాలో ఎవరమూ ఇంజినీర్లం కాదు. పదో తరగతి దాటని వాళ్లమే ఎక్కువ. అయినా మోటారు స్టార్టర్ డబ్బా మీద మూడు దీపాలు చూసి ఏ ఫేజు పోయిందో చెప్పగలం. అదెవరు నేర్పారు? ఏ కంపెనీ వచ్చి క్లాసు చెప్పింది? అవసరం నేర్పింది. ఇంజను కోడు కూడా అంతకంటే కష్టమైన విద్యేమీ కాదు. మాకు తెలిసినంత ఇక్కడ రాస్తున్నాం, జాగ్రత్త చేసుకోండి.

ఇప్పటి డీజిల్ ఇంజనులో పాత పంపు లాగా డీజిల్‌ను యంత్రం లెక్క చూసి పంపదు, కంప్యూటర్ లెక్క చూసి పంపుతుంది. ఒక గట్టి ఇనుప గొట్టంలో డీజిల్‌ను వెయ్యి ఆరువందల బార్లు, కొన్ని బండ్లలో అంతకన్నా ఎక్కువ ఒత్తిడి మీద నిలిపి ఉంచుతారు. దాన్నే రైలు అంటారు. కారు టైరులో గాలి ఒత్తిడి రెండు బార్లకు అటూ ఇటూ ఉంటుంది, దాంతో పోల్చుకోండి. గొట్టంలో ఒత్తిడి ఎంత, నీళ్లు ఎంత వేడెక్కాయి, గాలి ఎంత వస్తోంది, డ్రైవరు పెడల్ ఎంత తొక్కాడు అన్నవి చిన్న చిన్న సెన్సర్లు కంప్యూటర్‌కు చెబుతుంటాయి. వాటిలో ఏదైనా లెక్క తప్పితే కంప్యూటర్ దీపం వెలిగించి, కారణాన్ని ఒక కోడుగా రాసిపెట్టుకుంటుంది. ఇంజను దెబ్బతింటుందని తోస్తే డీజిల్ తగ్గించి, బలం కోసేస్తుంది. మెకానిక్‌లు లింప్ మోడ్ అనేది దీన్నే, అంటే కుంటి నడక. ఖాళీగా ఉన్నప్పుడు బాగానే నడిచి, లోడుతో గుట్ట ఎక్కేటప్పుడే బండి కుంటడానికి కారణం కూడా ఇదే. లోడు పడినప్పుడు డీజిల్ ఎక్కువ కావాలి, మూసుకుపోయిన ఫిల్టర్ అంత ఇవ్వలేదు. ఒక హెచ్చరిక: ఇంజను నడుస్తున్నప్పుడు ఆ రైలు గొట్టం నట్టు ఎవరూ విప్పొద్దు. ఆ ఒత్తిడి మీద చిమ్మే డీజిల్ చర్మంలోకి దిగిపోతుంది, చెయ్యి తీసేయాల్సి వచ్చే ప్రమాదం ఉంటుంది. కోడు చదువుకోవడం రైతు పని, రైలు విప్పడం పని తెలిసిన మెకానిక్ పని.

కోడు ఎలా చదవాలి? స్టీరింగ్ కింద పదహారు పిన్నుల సాకెట్ ఉంటుంది, దాన్ని ఓబీడీ సాకెట్ అంటారు. అందులో పెట్టే రీడర్లు కొన్ని వందల రూపాయల నుంచి దొరుకుతున్నాయి, ఫోన్‌లో ఒక యాప్ వేసుకుంటే చాలు. తెర మీద ముందు ఒక ఇంగ్లిషు అక్షరం, తర్వాత నాలుగంకెలు వస్తాయి. పి అంటే ఇంజను, గేరుబాక్స్ సంగతి. యు అంటే కంప్యూటర్ల మధ్య మాటలు తెగిపోయాయని. పి తర్వాతి అంకె సున్నా అయితే అన్ని కంపెనీల బండ్లకూ అదే అర్థం. ఒకటి అయితే అది ఆ కంపెనీ సొంత కోడు, దాని అర్థం కంపెనీ చెబితేనే తెలుస్తుంది. ఈ ఒకటి అంకెను గుర్తుపెట్టుకోండి, దీని మీద మళ్లీ మాట్లాడాలి.

బలం పోయే కోడుల్లో మనకు తరచుగా తగిలేవి కొన్నే. పి 0087 గురించి చెప్పుకున్నాం. పి 0299 వస్తే టర్బో నుంచి రావాల్సినంత గాలి రావడం లేదని అర్థం, చాలాసార్లు రబ్బరు గొట్టం చీలి ఉంటుంది, ముందు అది చూడాలి. పి 2138 పెడల్‌కు సంబంధించింది. పెడల్ లోపల రెండు సెన్సర్లు ఉంటాయి, రెండూ వేర్వేరు లెక్కలు చెబితే కంప్యూటర్ ఏదీ నమ్మదు, బలం కోసేస్తుంది. పెడల్ పాడై ఉండొచ్చు, ప్లగ్గులో నీళ్లు పోయి ఉండొచ్చు, వైరు తెగి ఉండొచ్చు. గడ్డివాము పక్కన బండి నిలిపేవాళ్లు ఎలుకలను మరిచిపోవద్దు, వైరింగ్‌కు వాటికన్నా పెద్ద శత్రువు లేదు. పి 0562 అంటే కరెంటు తక్కువ ఉందని, బ్యాటరీ టెర్మినళ్లు, డైనమో చూడాలి. పి 0401 అంటే పొగను కొంత వెనక్కి తిప్పే ఈజీఆర్‌లో దారి సరిపోవడం లేదని, మసి పట్టి ఉంటుంది. ఇక "కంప్యూటర్ పోయింది" అని ఎవరైనా చెబితే, "పి 0606 వచ్చిందా?" అని అడగండి. కంప్యూటర్ లోపలి మెదడు తన రోగాన్ని తాను చెప్పుకునే కోడు అది. అది రాకుండా యు 0100 మాత్రమే వచ్చి ఉంటే, కంప్యూటర్ మీద చెయ్యి వేసే ముందు ఫ్యూజు, ఎర్తు, వైర్లు చూడాల్సి ఉంటుంది.

ఇంకో మాట. కోడు రోగం పేరు చెబుతుంది గానీ ఏ పార్టు మార్చాలో చెప్పదు. సెన్సర్ కోడు రాగానే సెన్సర్ మార్చే మెకానిక్‌ను కూడా నమ్మొద్దు. షోరూమ్ వాళ్లు కోడు దాచి మోసం చేస్తే, వీళ్లు కోడు చూపించి మోసం చేస్తారు.

ఉస్మాన్‌గంజ్‌కు సరుకు తోలే మన బండ్లకు ప్రత్యేకంగా వచ్చే రోగం ఒకటుంది. బీఎస్ 6 డీజిల్ బండ్ల సైలెన్సర్ దారిలో మసిని పట్టే జల్లెడ ఉంటుంది, డీపీఎఫ్ అంటారు. పట్టిన మసిని బండి అప్పుడప్పుడూ తానే కాల్చుకోవాలి. దానికి పొగ ఆరువందల డిగ్రీల దాకా వేడెక్కాలి. హైవే మీద ఒకే వేగంతో కొంత దూరం పోతే ఆ వేడి వస్తుంది. అఫ్జల్‌గంజ్ నుంచి ఉస్మాన్‌గంజ్ సందుల్లోకి తిరిగాక బండి పోయేది నడక వేగం. ముందు ఆటో ట్రాలీ, వెనక తోపుడు బండి, పక్కన దింపుతున్న బస్తాలు. గంటల తరబడి ఇంజను ఆన్‌లోనే ఉంటుంది, మసి పడుతూనే ఉంటుంది, కాలే వేడి రాదు. సరిగ్గా కాల్చుకోవడం మొదలుపెట్టినప్పుడే మనం తాళం తీసేస్తాం. ఇలా పది ట్రిప్పులు జరిగితే జల్లెడ మూసుకుపోతుంది, పి 2463 వస్తుంది, బలం పోతుంది. ఈ ముచ్చట బండి అమ్మేటప్పుడు మన సభ్యులకు ఒక్కరికైనా చెప్పారా? గంజ్ బేరగాడికి, పల్లెలో పొలం బాటకు అదే బండిని అమ్ముతున్నప్పుడు, ఇది ఇలా నడిస్తేనే బాగుంటుందని చెప్పే బాధ్యత అమ్మేవాడికి లేదా? మా సలహా ఒక్కటే. గంజ్‌లో నిలబడ్డప్పుడు ఇంజను ఆపేయండి. డీపీఎఫ్ దీపం మొదటిసారి వెలగగానే, మాన్యువల్‌లో చెప్పిన ప్రకారం ఊరు దాటాక హైవే మీద ఒకే వేగంతో పదిహేను ఇరవై నిమిషాలు నడపండి, మధ్యలో ఆపొద్దు. ఆ దీపాన్ని రోజుల తరబడి వదిలేస్తే సర్వీస్ సెంటర్ ల్యాప్‌టాప్ తప్ప వేరే దిక్కు ఉండదు.

యూరియా నీళ్లు పోసే బండ్లున్నవాళ్లకు ఇంకో హెచ్చరిక. డీఈఎఫ్ అనే ఆ ద్రవంలో యూరియా ముప్పై రెండున్నర శాతం, మిగతాది శుద్ధి చేసిన నీళ్లు. అది అయిపోతే కంప్యూటర్ బండి బలం తగ్గించేస్తుంది, అలా చేయాలనే దాన్ని తయారుచేశారు. "యూరియానే కదా, మన బస్తాలోది రెండు దోసిళ్లు కలిపితే పోలా" అని ఒకరిద్దరు చేసినట్టు మా చెవిన పడింది. చేయొద్దు. 2015 నుంచి మనకొచ్చే యూరియా అంతా వేప నూనె పూసింది, ఆ నూనె, చెత్త పోయి పంపును, పొగ గొట్టంలోని వ్యవస్థను మూసేస్తాయి. పైగా సబ్సిడీ యూరియాను ఆ పనికి వాడడం నేరం. యూరియా కోసం తెల్లవారుజామున చెప్పులు లైనులో పెట్టే మనమే దాన్ని బండికి పోస్తే ఇక అడిగే నోరుంటుందా?

ఇప్పుడు అసలు పేచీకి వద్దాం. కోడు ఎవరి ఆస్తి?

అమెరికాలో 1980ల్లో క్రైస్లర్ కంపెనీ కార్లలో డ్యాష్‌బోర్డు మీద 'పవర్ లాస్' అని రాసిన దీపం ఉండేది. అక్షరాలా 'బలం పోయింది' అని. అది వెలిగితే కారు యజమాని చేయాల్సిందల్లా ఇంజను స్టార్ట్ చేయకుండా తాళం చెవిని ఐదు సెకన్లలో ఆన్, ఆఫ్, ఆన్, ఆఫ్, ఆన్ అని తిప్పడమే. ఆ దీపమే మెరుస్తూ అంకెలు చెప్పేది. ఒకసారి మెరిసి, కాస్త ఆగి, రెండుసార్లు మెరిస్తే 12, అంటే ఈ మధ్య బ్యాటరీ తీసి పెట్టారని. రెండు, రెండు మెరిస్తే 22, నీళ్ల వేడి చెప్పే సెన్సర్ సంగతి. రెండు, నాలుగు అయితే థ్రాటిల్ సెన్సర్. చివర్లో ఐదు, ఐదు మెరిస్తే చెప్పాల్సింది అయిపోయిందని. ల్యాప్‌టాప్ లేదు, స్కానింగ్ చార్జి లేదు. తాళం చెవి ఉన్న ప్రతివాడూ తన బండి రోగాన్ని వేళ్ల మీద లెక్కపెట్టి తెలుసుకున్నాడు. నలభై ఏళ్ల కింద సాధ్యమైంది ఇప్పుడెందుకు సాధ్యం కాదు? ఇప్పటి బండ్లలో అరచేయంత తెర ఉంటుంది, పాటలు, వీడియోలు, ఫోన్‌లో మాట్లాడేవాళ్ల పేరు అన్నీ చూపిస్తుంది. 'డీజిల్ ఒత్తిడి తక్కువ ఉంది, ఫిల్టర్ చూసుకో' అని తెలుగులో ఒక్క వాక్యం చూపించడానికి ఆ తెరకు చోటు లేదా? చోటుంది. చూపిస్తే సర్వీస్ సెంటర్‌కు వచ్చే బండ్లు తగ్గుతాయి.

కంపెనీలు చెప్పే జవాబు మాకు తెలుసు. కోడు అందరి చేతికి ఇస్తే కంప్యూటర్‌లో మార్పులు చేసి పొగ నియంత్రణను పీకేస్తారట, ప్రమాదాలు జరుగుతాయట, తమ రహస్యాలు బయటపడతాయట. చదవడం వేరు, తిరగరాయడం వేరు. భూసార పరీక్ష చేసి మన నేలలో నత్రజని ఎంతుందో, జింకు ఎంత తక్కువుందో కార్డు మీద రాసి మన చేతికే ఇస్తున్నారు. ఆ కార్డు ఇచ్చినంత మాత్రాన రైతు ఎరువుల ఫ్యాక్టరీ రహస్యం ఎత్తుకుపోయాడా? రక్త పరీక్ష రిపోర్టు రోగికి ఇవ్వకుండా "నీకు అర్థం కాదు, ఆపరేషన్‌కు పైసలు కట్టు" అనే ఆసుపత్రిని మనం ఊరుకోనిస్తామా? పొగ విషయానికొస్తే, డీపీఎఫ్ పీకించడం, ఈజీఆర్ మూయించడం లాంటి పనులను మా సంఘం సమర్థించదు, సభ్యులెవరూ చేయించొద్దు. ఆ పొగ ముందు పీల్చేది గంజ్‌లో బస్తాలు మోసే హమాలీలే. కానీ మనం ఒకటి గమనించాం. ఆ పీకుడు పనికి పోతున్నవాళ్లు ఎక్కువ మంది సర్వీస్ సెంటర్ అంచనా చీటీ చూసి బెదిరి పోతున్నవాళ్లే. మామూలు మరమ్మతు దారి మూసేస్తే జనం దొంగ దారి పడతారు, ఇది కంపెనీలకు తెలియనిదా?

చట్టం మన వైపు ఏమీ లేదనుకోవద్దు. 2014 ఆగస్టు 25న భారత కాంపిటీషన్ కమిషన్ పద్నాలుగు కార్ల కంపెనీల మీద 2,544 కోట్ల రూపాయల జరిమానా వేసింది. విడిభాగాలను, రోగ నిర్ధారణ పరికరాలను బయటి మెకానిక్‌లకు అందకుండా చేశారన్నది నేరం. అవి బయట దొరికేలా చేయాలని, బయట బాగు చేయించుకున్నంత మాత్రాన వారంటీ మొత్తం రద్దని గుండుగుత్తగా షరతు పెట్టొద్దని కూడా కమిషన్ చెప్పింది. కంపెనీలు అప్పీళ్లకు పోయాయి. ఏళ్లు గడిచాయి. ఈలోగా కొన్ని విడిభాగాలు మార్కెట్‌లోకి వచ్చాయేమో గానీ, కంపెనీ సొంత కోడుల అర్థాలు మాత్రం పల్లె మెకానిక్ షెడ్డు దాకా రాలేదు. పైన చెప్పిన పి తర్వాత ఒకటి అంకె వచ్చిన ప్రతిసారీ మన మెకానిక్ చేతులెత్తేస్తున్నాడు.

2022 జూలైలో కేంద్ర వినియోగదారుల వ్యవహారాల శాఖ 'మరమ్మతు హక్కు' మీద ఒక కమిటీ వేసింది. అది గుర్తించిన నాలుగు రంగాల్లో వ్యవసాయ పనిముట్లు ఒకటి, మోటారు వాహనాలు ఒకటి. ఆ ఏడాది డిసెంబర్ 24న, జాతీయ వినియోగదారుల దినం నాడు, పోర్టల్ కూడా తెరిచారు. పోర్టల్ వచ్చింది, చట్టం రాలేదు. ఆ తర్వాత మరమ్మతు సూచిక అని నివేదిక తయారు చేశారు గానీ, అందులో ముందుగా పట్టించుకున్నది సెల్‌ఫోన్లను, ఎలక్ట్రానిక్ సామాన్లను. సెల్‌ఫోన్ పాడైతే పక్కింటివాడి ఫోన్‌తో ఒక రోజు గడుస్తుంది. కోత మీద ఉన్న వరిలో హార్వెస్టర్ ఆగి, రాత్రికి వాన కొడితే ఎవరి యంత్రంతో గడుస్తుంది?

అమెరికా రైతు కూడా ఇదే మంట మీద ఉన్నాడు. అక్కడ కొలరాడో రాష్ట్రం 2023లో వ్యవసాయ యంత్రాల మరమ్మతు హక్కు చట్టం చేసింది, 2024 జనవరి 1 నుంచి అమలు. 2025 జనవరిలో అక్కడి ఫెడరల్ ట్రేడ్ కమిషన్ జాన్ డీర్ కంపెనీ మీద కోర్టుకెక్కింది. మరమ్మతు సాఫ్ట్‌వేర్‌ను తన డీలర్లకే పరిమితం చేసిందన్నది ఆరోపణ. వందల ఎకరాలున్న అమెరికా రైతే కోర్టుకు పోవాల్సి వచ్చిందంటే, రెండెకరాల మనవాడి సంగతి ఊహించుకోండి.

"మా ట్రాక్టర్‌కు కంప్యూటర్ లేదు, మాకెందుకీ గోల" అనేవాళ్లున్నారు. నిజమే, యాభై హార్స్ పవర్ లోపు ట్రాక్టర్లు చాలావరకు ఇంకా పాత మెకానికల్ పంపు మీదే నడుస్తున్నాయి. యాభై దాటిన కొత్త ట్రాక్టర్లకు 2023 జనవరి 1 నుంచి ట్రెమ్ 4 నిబంధన వచ్చింది, దాంతో కంప్యూటర్ కూడా వచ్చింది. తర్వాతి మెట్టు ట్రెమ్ 5 చిన్న ట్రాక్టర్లనూ తాకేదే, అది వాయిదాలు పడుతూ వస్తోంది. అది మన దొడ్లోకి వచ్చాక మేలుకుంటే ఏం లాభం? ట్రాక్టర్లలో, పెద్ద యంత్రాల్లో కోడు తరచుగా వేరే రకంగా ఉంటుంది, ఎస్‌పీఎన్ అని ఒక అంకె, ఎఫ్‌ఎంఐ అని ఒక అంకె. మొదటిది ఏ భాగమో చెబుతుంది, రెండోది ఏం జరిగిందో చెబుతుంది. ఎస్‌పీఎన్ 157 అంటే రైలులో డీజిల్ ఒత్తిడి, 110 నీళ్ల వేడి, 100 ఇంజన్ ఆయిల్ ఒత్తిడి, 97 డీజిల్‌లో నీళ్లు. ఎఫ్‌ఎంఐ 18 అయితే ఉండాల్సినదానికన్నా తక్కువ అని, 16 అయితే ఎక్కువ అని, 5 అయితే వైరు తెగిందో, ప్లగ్గు ఊడిందో చూడమని. ఎస్‌పీఎన్ 100కు పక్కన ఎఫ్‌ఎంఐ 1 వస్తే అప్పటికప్పుడు ఇంజను ఆపండి, ఇంకో సాలు కూడా దున్నొద్దు.

మా డిమాండ్లు పెద్దవేం కావు. బండి, ట్రాక్టర్, హార్వెస్టర్ ఏది అమ్మినా దాని కోడుల పుస్తకం, కంపెనీ సొంత కోడులతో సహా, తెలుగులో ఇవ్వాలి. స్కానింగ్‌కు పైసలు తీసుకున్న ప్రతి సర్వీస్ సెంటర్ మరమ్మతుకు ముందు ఏ కోడులు వచ్చాయో, తర్వాత ఏమైనా మిగిలాయో బిల్లు మీద రాసి తీరాలి. బయటి మెకానిక్‌కు పరికరం, సాఫ్ట్‌వేర్ అందుబాటు ధరకు అమ్మాలి. ప్రతి మండలంలో సహకార సంఘం దగ్గరో, యంత్రాలు కిరాయికిచ్చే కేంద్రం దగ్గరో ప్రభుత్వం ఒక మంచి రీడరు పెట్టి, ఐటీఐ చదివిన పిల్లల్లో ఇద్దరికి శిక్షణ ఇవ్వాలి. విత్తన పరీక్షకు, భూసార పరీక్షకు దిక్కున్నట్టే దీనికీ ఉండాలి. సబ్సిడీ మీద యంత్రాలిచ్చేటప్పుడు, కోడుల పుస్తకం ఇవ్వని కంపెనీని ఆ జాబితాలోంచి తీసేసే అధికారం ప్రభుత్వం చేతిలోనే ఉంది, దానికి కొత్త చట్టం కూడా అక్కర్లేదు.

అప్పటిదాకా మనం చేయాల్సిన పని ఒకటుంది. మండల సంఘం తరఫున ఒక రీడరు కొంటున్నాం. దీపం వెలిగిన సభ్యులు కోడు తుడిపించే ముందే ఫోన్‌లో ఫొటో తీయండి. దీపం వెలిగినప్పుడు లోడు ఎంతుంది, ఏ దారి, ఎన్ని కిలోమీటర్లు తిరిగింది అన్నవి కాగితం మీద రాయండి. బాగైన తర్వాత ఏ పార్టు మారిస్తే బాగైందో దాని కిందే రాయండి. వందమంది ఇలా రాస్తే కంపెనీ ఇవ్వని పుస్తకం మన దగ్గరే తయారవుతుంది. షోరూమ్‌లో స్కానింగ్ చేయించినప్పుడు కోడు బిల్లు మీద రాయమని అడగండి, మెత్తగానే అడగండి, పక్కన ఒకరిని సాక్షిగా పెట్టుకొని అడగండి. రాయమంటే ఆ తేదీ, సమయం, బండి నంబరు, అన్న మాటలు రాసుకోండి, 1915 వినియోగదారుల హెల్ప్‌లైన్‌కు ఫోన్ చేసి ఫిర్యాదు నంబరు తీసుకోండి. కిరాయి తోలే బండి కాబట్టి వినియోగదారుల చట్టం వర్తించదని బెదిరిస్తే బెదరొద్దు, పొట్టకూటి కోసం సొంతంగా నడుపుకునే బండి కొన్నవాడు కూడా ఆ చట్టం కింద వినియోగదారుడే.

తాండూరు సభ్యులు తమ స్కానింగ్ బిల్లు, అంచనా చీటీ, మార్చిన ఫిల్టర్ బిల్లు మూడూ సంఘానికి ఇచ్చారు. ఇంకా ఎవరి దగ్గర ఇలాంటివి ఉన్నా జిరాక్సు తీసి వచ్చే నెల సమావేశానికి తీసుకురండి. జిల్లా వినియోగదారుల కమిషన్‌లో వేయబోయే కేసుకు వకీలు అడుగుతున్నవి అవే.